నాలుగో గడిలో రెండు

రోజు 104

ఆసుపత్రిలో జబ్బులకి కోడ్‌లు రాసే మాలాంటి కోడర్లు తమ అనుమానాలు బల్లపుస్తకంలో రాసి పెట్టాలని రూలు. ఆరేళ్ళలో నేను రాసిన అనుమానాలు మూడు. రెండు పేర్లలో తప్పులు, ఒకటి క్యాంటీను పప్పు గురించి. ఇది ఎవరూ చదవరని తేలిపోయింది కనక ఇక నుంచి నా ఇష్టమొచ్చింది రాస్తాను.

ఇవాళ మా చెల్లి కాలికి దెబ్బ వెతికాను.

పోలి, అంటే పోలేశ్వరి, నాకంటే నాలుగేళ్ళు చిన్నది. నీళ్ళలోకి దిగి టర్బైన్ రెక్కలకి పట్టిన నాచు గీకే ముఠాలో పని. రెండు నెలలుగా కుంటుతోంది. ఆసుపత్రికి రమ్మంటే ఇవాళ రేపు అంటూ వచ్చింది. చివరికి ఎక్స్‌రే గది నుంచి చీటీ వచ్చింది: ఎడమ కాలు, మోకాలి కింది ఎముక, పైభాగం చచ్చింది. మా పట్టికలో దాన్ని జంఘాస్థి అంటారు. ఊళ్ళో కాలెముక అంటే సరిపోతుంది.

దాన్ని నా బల్ల ముందు కూర్చోబెట్టి అందరినీ అడిగినట్టే అడిగాను.

"ఎక్కడ తగిలింది?"

"ఏటి తగిలీది?"

"దెబ్బే. ఎక్కడ తగిలిందో చెప్పు."

"తగల్లేదే. ఊరికే నొప్పెడతన్నాది."

"ఊరికే ఎందుకు నొప్పెడుతుంది? నిచ్చెన మెట్టు కొట్టుకుందా? రెక్క తగిలిందా?"

"నీకేటైనా పిచ్చేటే? తగల్లేదంటే ఇనవా?"

అప్పుడు దానికి నాలుగో గడి గురించి చెప్పాల్సి వచ్చింది. ఎముక చావుకి కోడ్ ఏడు గడులు. మొదటి మూడూ జబ్బు పేరు, చివరి మూడూ ఏ ఎముక, ఏ పక్క. మధ్యలో నాలుగో గడి కారణం. అక్కడ రెండు వేస్తే దెబ్బ వల్ల అని అర్థం. అచ్చుయంత్రం కొత్త ఎముక తయారు చేసి ఇస్తుంది, మనిషి మూడు నెలల్లో పనిలోకి వెళ్తాడు. మూడు వేస్తే ఒత్తిడి మార్పు వల్ల అని అర్థం. అంటే పైకి వెళ్ళేటప్పుడు, రోజుల తరబడి మెల్లగా ఒత్తిడి తగ్గించే ఓపికగదిలో ఒంట్లోని గాలి సరిగా దిగక ఎముకలో బుడగ కట్టిందన్నమాట. అలాంటివాళ్ళని పైకి పంపేస్తారు. జన్మలో మళ్ళీ అడుగూరు దిగనివ్వరు.

"పైకి పొమ్మంటే ఎక్కడికెల్లాలే?" అంది పోలి. "మన వాడ ఉన్నాదేటి?"

లేదు. మా వాడ సముద్రంలో కలిసి నలభై ఏళ్ళయింది. అందుకే సముద్రం అడుక్కే వచ్చి ఈ అడుగూరులో ఉంటున్నాం.

"అందుకే గుర్తు తెచ్చుకోమంటున్నాను."

చాలాసేపు పైకప్పు చూసింది. పోయిన వారం, రోజు 97న, నీటిగది తలుపు మూస్తుంటే అంచు కాలికి తగిలిందని చెప్పింది. "కందను కూడా కందలేదే," అంది.

"చాలు," అన్నాను. నాలుగో గడిలో రెండు వేశాను. నా లెక్కలో ఇది రెండువందల పదమూడోది. ఆరేళ్ళలో ఒక్క మనిషిని కూడా పైకి పంపలేదని నాకు కొంచెం గర్వం ఉంది, దాచుకోను.

రోజు 112

పోలికి కొత్త ఎముక వేశారు. అచ్చుయంత్రం తొమ్మిది గంటలు గురగురలాడింది. తెలివి రాగానే అడిగిన మొదటి మాట, "పూరీ చెయ్యవే."

అడుగూరులో పూరీ పొంగదు. ఈ ఒత్తిడిలో నూనె ఎంత కాగినా పిండిలో నీళ్ళు ఆవిరి కావు. అప్పడంలా చదునుగా ఉండి నమిలితే దవడలు లాగుతాయి. అయినా మావాళ్ళకి పూరీ కావాలి. నాలుగైదు నెలలకోసారి సెలవుకి పైకి వెళ్ళేవాళ్ళు పిండి కలిపి ఓపికగదిలోకి పట్టుకెళ్తారు, రోజుకొకటి వేసి చూస్తారు. పొంగిందంటే ఒడ్డు దగ్గర పడినట్టు. తొమ్మిది రోజుల గదిలో ఏడో రోజుకి పొంగుతుంది.

చదును పూరీలు చేసి, ఇక్కడ నాలుకకి రుచి తెలియదు కనక రెండు గుప్పెళ్ళ కారం వేసిన కూరతో పట్టుకెళ్ళాను. దానయ్య మేష్టారు అప్పటికే దాని మంచం పక్కన ఉన్నారు.

దానయ్య మేష్టారు మా కోడింగు బల్లకి పెద్ద. నాకు పని నేర్పింది ఆయనే. ముప్పై ఏళ్ళ కిందట ఆయనా ముఠాలో దిగేవారు, కాలెముక చచ్చి అచ్చెముక వేయించుకుని బల్ల దగ్గరికి వచ్చారు. "కోడర్ అంటే తలుపు తీసేవాడమ్మా, మూసేవాడు కాదు," అని నా మొదటి రోజు చెప్పారు. "ఎక్కడ తగిలింది" అని అడగడం నేర్పింది కూడా ఆయనే. చీటీలన్నీ ముందు ఆయన బల్ల మీదికి వస్తాయి, ఆయన చూసి నాకిస్తారు. కోడ్ పడనిదే ఏ జబ్బు ఫైలూ డాక్టర్ దగ్గరికి వెళ్ళదు.

"మీ అక్క బంగారం," అన్నారు పోలితో. మా నాన్న ఉండుంటే ఈ మాట అనేవాడో కాదో తెలియదు కానీ ఆయన అంటే నాకు కళ్ళ నీళ్ళు తిరిగాయి.

ఈ చలికి నా కుడి కాలు కూడా లాగుతోంది. ఇక్కడి గాలి ఒంట్లో వేడి నిలవనివ్వదు. రెండు మేజోళ్ళు వేసుకుంటున్నాను.

రోజు 139

పైనుంచి కాగితం వచ్చింది. ఓపికగది ఇక తొమ్మిది రోజులు కాదు, ఆరు. మొదట్లో పదకొండు ఉండేది, నా చిన్నప్పుడు తొమ్మిది చేశారు. రోజు 180న సెలవుకి వెళ్ళే ముఠా, పోలి ముఠాయే, నలభై మంది, ఆరు రోజుల్లో పైకి వెళ్ళే మొదటివాళ్ళు. ఊళ్ళో అందరికీ సంతోషమే. ఆ ఇనుప గొట్టంలో మూడు రోజులు తగ్గితే ఎవరికి చేదు?

ఆరు రోజులు చాలని ఎలా తేల్చారో కూడా కాగితంలో ఉంది. గత పద్నాలుగేళ్ళలో ఓపికగది వల్ల అడుగూరులో ఒక్క ఎముక కూడా చావలేదట. దానికి ఇద్దరు కోడర్ల సంతకాలు కావాలి.

మేష్టారు సంతకం పెట్టి నాకిచ్చారు. పద్నాలుగేళ్ళ రికార్డు తిరగేశాను. నాలుగో గడిలో మూడు ఎక్కడా లేదు. ఉన్నదే కదా అని సంతకం పెట్టాను.

పెట్టిన తర్వాత ఏదో పంటి కింద రాయి తగిలినట్టయింది. రెండువందల పదమూడు మందికీ దెబ్బ వెతికింది నేనే కదా. ఆ మాటే మేష్టారితో అన్నాను.

"దెబ్బ తగలనోడు ఈ ఊళ్ళో ఉన్నాడా అమ్మా?" అని నవ్వారు. "నువ్వు అబద్ధం రాశావా? వాళ్ళు చెప్పిందే రాశావు."

నిజమే అనిపించింది. ఆయన చెబితే నాకెప్పుడూ నిజమే అనిపిస్తుంది.

రోజు 151

పోలికి వేసిన కొత్త ఎముక అతుక్కోలేదు. పొద్దున్న మంచం దిగబోయి కూలబడింది. డాక్టర్ షహనాజ్ గారు ఈసారి ఒళ్ళంతా ఎక్స్‌రే తీయించి నన్ను గదిలోకి పిలిచారు.

"రెండు భుజాల్లో మచ్చలున్నాయి. కుడి తుంటిలో మొదలైంది. మోకాలి కింద అయితే లోపలంతా కూలిపోయింది," అన్నారు. "దెబ్బ అని కోడ్ వచ్చింది కాబట్టి నేను కాలు ఒక్కటే చూశాను. దెబ్బ ఒకచోటే తగులుతుంది కదా. పక్కనున్న ఎముక కూడా చచ్చిందే అయితే అచ్చెముక దేన్ని పట్టుకుని నిలబడుతుంది?"

"ఇప్పుడేం చెయ్యాలి?"

"ఆ కాలు మీద ఇక బరువు వెయ్యలేదు. జీవితాంతం ఊతకర్రే. భుజాలు, తుంటి అయినా మిగలాలంటే పైకి వెళ్ళిపోవాలి, మెల్లగా వెళ్ళాలి. ఆరు రోజుల్లో వెళ్తే అవీ పోతాయి." కళ్ళజోడు తుడుచుకుని అడిగారు, "దీనికి ముందు ఫిల్మ్ ఒకటి ఉండాలే. ఎక్స్‌రే గది రిజిస్టర్‌లో మీ చెల్లెలి పేరు రెండుసార్లు ఉంది. ఒకటి రోజు 100, ఒకటి రోజు 41. ఆ 41ది నాకు రాలేదు. పంపిస్తావా?"

దెబ్బ తగిలింది రోజు 97న. 41న ఫిల్మ్ ఎందుకు తీస్తారు? సెలవు నుంచి దిగినవాళ్ళందరికీ ఒకటి తీస్తారు, సరే. కానీ అందులో ఏమీ లేకపోతే డాక్టర్ గారి ఫైల్లోనే ఉండాలి. ఏదైనా ఉంటేనే మా బల్లకి వస్తుంది. మా బల్లకి వస్తే నా దగ్గరికి రావాలి.

రోజు 152

మేష్టారిని అడిగాను. "రిజిస్టర్ తప్పై ఉంటుందమ్మా. ఆ ఎక్స్‌రే గదిలో వాళ్ళకి వాళ్ళ పేర్లే గుర్తుండవు," అన్నారు. నవ్వాను కూడా. అరగంట తర్వాత ఎందుకు నవ్వానని నా మీద నాకే ఒళ్ళు మండింది.

ఈ పుస్తకం మొదటి పేజీ తిప్పాను. "రెండు నెలలుగా కుంటుతోంది" అని నా చేత్తో నేనే రాశాను. దాని కిందే, పోయిన వారం తలుపు తగిలిందని రాశాను. రెండు నెలల కుంటుకి వారం నాటి దెబ్బ కారణమట. రాస్తున్నప్పుడు నాకు అనుమానమే రాలేదు. అనుమానాల కోసమే ఇచ్చిన పుస్తకం ఇది.

రోజు 155

మేష్టారు స్నానాల గదికి వెళ్ళే వేళ నాకు తెలుసు, పదిన్నర. ఆయన బీరువా తాళం టీ డబ్బా వెనకాల ఉంటుందనీ ఆరేళ్ళుగా తెలుసు. ఆయన నా దగ్గర దాచలేదు, నేను ఎన్నడూ ముట్టుకోలేదు. ఇవాళ ముట్టుకున్నాను.

పై అరలో పాత పట్టికలు. కింది అరలో ఫిల్ములు, ఒక్కోదానికీ అట్ట కవరు, పేర్ల వరసలో. ముందు లెక్కపెట్టాను. అరవై రెండు. తీసి చూసిన రెండు మూడు కవర్లలో దెబ్బ తగిలిందన్న మాట ఎక్కడా లేదు. "ప" దగ్గర పోలేశ్వరి ఉంది. రోజు 41. కింద ఎక్స్‌రే గదివాళ్ళ రాత: "ఎడమ కాలెముకలో మచ్చ. ఇంకా కూలలేదు. నీటి పని ఆపి విశ్రాంతి ఇస్తే మంచిది."

ఇంకా కూలలేదట.

ఆ తర్వాత అరవై మూడు రోజులు అది నీళ్ళలోకి దిగింది. రెక్కలు గీకింది. బరువులు మోసింది. సాయంత్రం నా ఇంటికొచ్చి కాలు రాసుకుంటూ కూర్చుంది. ఈ కవరు ఇక్కడ టీ డబ్బాకి మూరెడు దూరంలో దెబ్బ కోసం ఎదురుచూస్తూ ఉంది. దెబ్బ తగిలితే తీసి నాకు పంపాలి. తగలకపోతే ఉంచాలి. అదీ ఏర్పాటు.

మేష్టారి అచ్చుకాలి చప్పుడు వినబడి, పోలి కవరు ఒక్కటీ జాకెట్టులో పెట్టుకుని బీరువా మూశాను.

రోజు 156

ఫిల్మ్ ఆయన బల్ల మీద పెట్టాను. చాలాసేపు దాన్ని కాకుండా నన్నే చూశారు.

"బీరువా తీశావా అమ్మా?"

"తీశాను."

"తాళం జేబులో ఏసుకోవలసింది," అన్నారు.

ఆయన ముందు బాధపడింది తాళం గురించి. అది చూశాక నాకు ఏడుపు ఆగలేదు. ఈ గాలిలో మా గొంతులు బాతు గొంతులు. ఆఫీసులో సరిచేసే గొంతుపెట్టె మెడకి తగిలించుకుంటాం. కోపంలో నాది ఊడి పడింది. ఏడుస్తుంటే కీచుకీచుమంటూ నవ్వినట్టు వినబడింది. నా ఏడుపు కూడా నాకు దక్కలేదు.

"ఎన్నాళ్ళ నుంచి?"

"పద్నాలుగేళ్ళు." ఆయనా పెట్టె తీసి బల్ల మీద పెట్టి మామూలు మాటలోకి దిగారు. "పట్టిక చదివావు కదా. ఒక ఏడాదిలో నాలుగో గడిలో మూడు మూడుసార్లు పడితే ఏటవుద్ది?"

"ఓపికగదిలో ఎన్ని రోజులుండాలో చెప్పే పట్టిక రద్దవుతుంది. విచారణ అయ్యేదాకా పాత పదకొండు రోజులు."

"విచారణ అయితే ఊరు మూసేస్తారు. మూసేస్తే పన్నెండొందల మంది ఎక్కడికెల్తారు? పైన తేలే ఊళ్ళలో మనల్ని మెట్టెక్కనిస్తారా? మొదట్లోనే పైవోళ్ళు నాకు సెప్పారు, దానయ్యా, నీకు ఊరు కావాలా, పట్టిక కావాలా అని. నాను ఊరు కావాలన్నాను."

"పోలి కాలు ఎవరికి కావాలి మేష్టారూ?"

"నా కాలు సూడు. నాకూ దెబ్బ ఎతికే పెట్టారు. నానూ ఎక్కడా తగిలించుకోలేదు. ముప్పై ఏళ్ళు బతికాను కదా." మెత్తగా, నాకు పని నేర్పేటప్పటి గొంతుతో అన్నారు: "నీ ఫిల్ము కూడా ఉన్నాదమ్మా. పోయినేడు నించి. కుడి కాలు. నాను అప్పుడే రాసుంటే నిన్ను పైకి తోసేద్దురు. సొంత కూతురనుకుని దాచాను."

నా కుడి కాలు. రెండు మేజోళ్ళు.

ఆయన ఆ మాట నేను సంతోషిస్తానని చెప్పారు. మొహంలో అదే కనబడింది. నన్ను కాపాడినట్టు నిజంగానే నమ్ముతున్నారు. మోసం చేసినవాడు మోసగాడిలా కనబడితే సగం బాధ తగ్గుతుంది. ఈయన నా తల నిమరడానికి చెయ్యి చాపారు. నేను వెనక్కి జరిగాను.

"పాత కోడ్ సవరించాలంటే రోగి వేలిముద్ర కావాలి," అన్నాను. "మీదొకటి, పోలిది, నాది. మూడవుతాయి. రోజు 180కి ముందే. ఇవ్వండి."

చాపిన చెయ్యి చంకలో పెట్టేసుకున్నారు.

"ఈ వయసులో నన్ను పైకి పంపకమ్మా. మా ఆవిడ ఇక్కడే పోయినాది."

"పోలికి ఇరవై ఎనిమిదేళ్ళు మేష్టారూ."

ఆయన చెయ్యి చంకలోంచి తియ్యలేదు.

రోజు 158

పోలికి చెప్పాను. పక్క మీద కూర్చుని మొత్తం విన్నది. ఫిల్మ్ వెలుతురుకి పెట్టి చూసింది. తిడుతుందని తెలుసు. మేష్టారిని తిడుతుందనుకున్నాను.

"నువ్వే కదే అడిగినావు," అంది. "ఎక్కడ తగిలింది, ఎక్కడ తగిలింది అని. తగల్లేదని ఎన్నిసార్లు సెప్పాను?"

"నాకు తెలీదే పోలీ. ఆయన బీరువాలో..."

"ఆయన్ని ఒగ్గీయే. ఆయన పరాయోడు, సేసినాడంటే సేసినాడు. నువ్వు నా అక్కవి. నా కాలు ఎందుకు నొప్పెడతన్నాదో నానే నీకు సెప్తంటే, నా నోట్లోంచి తలుపు లాక్కున్నావు. నీకు నా మాట అక్కర్లేకపోయినాది. నీ గడి నిండితే సాలు."

 అది అన్నదంతా నిజం. మేష్టారు నన్ను ఎంత నమ్మించి మోసం చేశారో, నేను దాన్ని అంతే నమ్మించి మోసం చేశాను. ఆయనకి తెలిసి చేశారు, నేను తెలుసుకోకుండా చేశాను. కాలు పోయినదానికి ఆ తేడా ఎందుకు?

వేలిముద్ర యంత్రం చాపితే వేలు ఆనించింది. "మా ముఠా నలభై మంది ఆరు రోజుల్లో ఎల్లకూడదు. దాని కోసం ఏస్తన్నాను, నీ కోసం కాదు. ఇంక నాతో మాటాడకు."

రోజు 165

మూడో వేలిముద్ర కోసం తిరుగుతున్నాను. ఊళ్ళో విషయం పాకిపోయింది. నీళ్ళు పట్టుకునే గదిలో నేను బిందె పెట్టగానే ఆడవాళ్ళు మాటలు ఆపేశారు. ఒకావిడ నా బిందె పక్కకి నెట్టి, "ఊరు ముంచీడానికొచ్చినాది," అంది. ఆవిడ అచ్చెముకకి నాలుగో గడిలో రెండు వేసింది నేనే. అప్పుడు నాకు ఎండుచేపలు తెచ్చి ఇచ్చింది.

పదకొండు గుమ్మాలెక్కాను. ఇద్దరు తలుపు తీసి, సంగతి విని, మళ్ళీ వేసేశారు. మిగతావాళ్ళు తియ్యనే లేదు.

చివరికి కొర్లయ్య మావే నా దగ్గరికి వచ్చాడు. రెండు కాళ్ళకీ అచ్చెముకలే, రెండూ నేనే రాశాను. కొడుకు పోలి ముఠాలో ఉన్నాడు, 180న పైకి వెళ్ళేవాళ్ళలో.

"నాకు నిజంగా నిచ్చెన తగిలిందనుకున్నాను గుంటా," అన్నాడు. "నువ్వు అంతలా అడిగితే తగిలే ఉంటాదనుకున్నాను. ఇన్నేళ్ళూ ఆ నిచ్చెన సూసినప్పుడల్లా తిట్టుకునీవోణ్ణి." వేలు ఆనించి, "పిల్లోడు మెల్లగా ఎల్తే సాలు," అన్నాడు.

నేను క్షమించమని అడిగాను. గోడ పట్టుకుని వెళ్ళిపోయాడు.

రోజు 171

పట్టికలో నాలుగో గడిలో మూడు ఎలా పడుతుందో ఇవాళ మొదటిసారి చూశాను. యంత్రం వెంటనే ఒప్పుకోదు. "నిశ్చయమేనా?" అని రెండుసార్లు అడుగుతుంది. రెండు వేసినప్పుడు ఎన్నడూ అడగలేదు.

పోలి ఫైలు. మూడు. కొర్లయ్య మావ ఫైలు. మూడు.

నా ఫైలు తెరిచాను. కోడ్ లేదు, ఖాళీ. కింద బీరువాలోంచి తెచ్చిన నా ఫిల్మ్, నా పేరు, పోయినేటి తేదీ.

మేష్టారు పొద్దున్నుంచీ తన కుర్చీలోనే ఉన్నారు, ఒక్క చీటీ చూడలేదు. ఇప్పుడు కుర్చీ జరుపుకుంటూ దగ్గరికి వచ్చారు.

"నీదొక్కటీ రెండు ఏసేయమ్మా," అన్నారు. "ఈ బల్ల అంచు తగిలిందని రాయి. రోజూ తగుల్తానే ఉంటాది కదా. అచ్చెముక ఏయిద్దాం. ఈ కుర్చీలో నీ తర్వాత ఎవరున్నారు? నిన్ను పోగొట్టుకోలేను తల్లీ."

ఒక్క క్షణం నా గుండె కరిగింది. అబద్ధమెందుకు, కరిగింది. ఆరేళ్ళు తల్లీ అని పిలిచిన మనిషి. ఆ తర్వాత లెక్క గుర్తొచ్చింది. నాదొక్కటీ రెండు వేస్తే మూడులు రెండే అవుతాయి. పట్టిక రద్దు కాదు. నలభై మంది ఆరు రోజుల్లో పైకి వెళ్తారు. ఆ లెక్క ఆయనకి నాకంటే ముందే తెలుసు. నా మీద ప్రేమ, ఆ లెక్క, రెండూ ఒకే మాటలో పెట్టి ఇచ్చారు. ఏది ఎంతో ఆయనకే తెలియదేమో.

"మేష్టారూ," అన్నాను, "నన్ను అడగండి. అందరినీ అడిగినట్టు అడగండి."

ఆయన పెదవులు కదిలాయి. అడగలేకపోయారు.

నాలుగో గడిలో మూడు వేశాను. నిశ్చయమేనా అంది. నిశ్చయమే అన్నాను. మళ్ళీ అడిగింది, మళ్ళీ చెప్పాను. అప్పుడు తెర మీద వచ్చింది: ఈ ఏడాది మూడో నమోదు. ఓపికగది పట్టిక రద్దు. తదుపరి ఉత్తర్వు వరకు పదకొండు రోజులు.

ఇంకా టీ డబ్బా వెనకాలే ఉన్న బీరువా తాళం తీసి డాక్టర్ షహనాజ్ గారికి ఇచ్చేశాను. పోలిదీ నాదీ పోగా ఇంకా అరవై మంది ఉన్నారు అందులో. ఇవాళ్టి నుంచి వాళ్ళు దెబ్బ కోసం ఆగక్కర్లేదు.

ఓపికగది, తొమ్మిదో రోజు

బల్లపుస్తకం అప్పజెప్పమన్నారు. ఇవ్వలేదు.

గదిలో ముగ్గురం. కొర్లయ్య మావ, పోలి, నేను. పదకొండు రోజుల గదిలో మేమే మొదటివాళ్ళం. నలభై మంది మా వెనక ఇలాగే మెల్లగా వస్తారు. ఊరు మూస్తారో ఉంచుతారో ఇంకా చెప్పలేదు. మూస్తే ఆ పాపం నాదే అని ఊళ్ళో అందరూ తీర్మానించుకున్నారు. మేం ఎక్కేటప్పుడు ఎవరూ రాలేదు.

మేష్టారు వచ్చారు. తలుపు మూశాక గాజు దగ్గర నిలబడి ఏదో అన్నారు. లోపల ఫోను ఉంది. నేను తియ్యలేదు. చాలాసేపు నిలబడి అచ్చుకాలు ఈడ్చుకుంటూ వెళ్ళిపోయారు. ఆయన లేకుండా నాకు కోడింగు రాదు, ఆయన ఉంటే నా చెల్లికి కాలు లేదు. దీన్ని ఏ గడిలో వెయ్యాలో నాకు తెలియడం లేదు.

పోలి ఈ తొమ్మిది రోజులూ నాతో మాట్లాడలేదు. నీళ్ళు కావాలంటే కొర్లయ్య మావని అడుగుతుంది, ఆయన నన్ను అడుగుతాడు. ఇవాళ మధ్యాహ్నం పూరీ వేశాను. బుసమని లేచి గుండ్రంగా పొంగింది. కొర్లయ్య మావ పిల్లాడిలా చప్పట్లు కొట్టాడు. మొదటిది పోలి కంచంలో వేశాను. దానివైపు చూసి, తుంచుకుని తినేసింది.

సాయంత్రం పైనుంచి ఆసుపత్రివాళ్ళు స్పీకర్లో పలకరించారు. మేం బయటికి రాకముందే ఫారాలు నింపాలట. ఎవరో చిన్న వయసు గొంతు, కొత్త కోడర్ కాబోలు. వాళ్ళకీ మా అడుగూరు పద్ధతే నేర్పినట్టున్నారు.

"గరికిన పోలేశ్వరి గారూ. ఎడమ కాలు, జంఘాస్థి. ఎక్కడ తగిలిందండీ?"

 పోలి ఊతకర్ర అందుకుని, గోడ పట్టుకుని లేచి, స్పీకర్ దగ్గరికి వెళ్ళింది.

"తగల్లేదు," అంది. "ఎక్కడా తగల్లేదు. నాలుగో గడిలో మూడు ఎయ్యి."

"అలా కాదండీ, కొంచెం గుర్తు తెచ్చుకోండి. ఏ మెట్టో, తలుపో..."

"తగల్లేదంటే ఇనవేటమ్మా? నా పక్కన మా అక్క ఉన్నాది, కుడి కాలు. దానిక్కూడా తగల్లేదు. రాసుకో."

 స్పీకర్లో మీట నొక్కిన చప్పుడు వినబడింది, ఆ వెంటనే ఇంకోసారి. నిశ్చయమేనా అని యంత్రం అడిగేది రెండుసార్లే.